బొమ్మలు గీసి మూడుసార్లు బోనెక్కిన మనిషి

ప్రత్యేక సంచికకు ఒక ప్రసిద్ధ వ్యక్తి జీవితం గూర్చి వ్రాయమని సంపాదకవర్గం వారు అడిగినప్పుడు, మన సంచికలలో ఇంతకుముందు రాని మనిషి ఎవరైనా అయితే బాగుంటుందనుకున్నాను. నాయకుల జీవితాలు, భక్తుల చరిత్రలు, స్వాతంత్ర్య సమరయోధుల విశేషాలు మనవాళ్ళు చక్కగా వ్రాశారు. నేను ఈసారి ఒక బొమ్మలవాడి సంగతి చెప్పదలచాను. ఆయన మన దేశస్థుడు కాదు, జర్మనీవాడు. పేరు జార్జ్ గ్రోస్. 1893లో పుట్టి 1959లో పోయారు. మహనీయుడనే మాట ఆయనకు సరిపోతుందో లేదో చదివిన తరువాత మీరే చెప్పండి. తాగుడున్న మనిషి, నోటి దురుసున్న మనిషి. కానీ చేతిలో కలం పట్టుకుంటే ఎదుటివాడు మంత్రి అయినా, సేనాని అయినా, పాదిరి అయినా వదిలిపెట్టలేదు.

మన కర్నూలులో పుట్టిన గాడిచర్ల హరిసర్వోత్తమరావు గారు 1908లో 'స్వరాజ్య' పత్రికలో వ్రాసిన వ్రాతకు రాజద్రోహం కేసులో జైలుకు పోయారని మనకందరికీ తెలుసు. అక్షరానికి శిక్ష పడటం మనం ఎరిగినదే. బొమ్మకు శిక్ష పడటం, అదీ ఒకే మనిషికి మూడు కేసులు నడవటం మాత్రం అరుదు. ఆ మూడు కేసుల వెంట నడిస్తే చాలు, ఆయన బతుకంతా, ఆయన దేశం పట్టిన దారి అంతా తెలిసిపోతుంది.

గ్రోస్ 1893 జూలై 26న బెర్లిన్‌లో జన్మించారు. తండ్రి మద్యం దుకాణం నడిపేవారు. కొన్నాళ్ళకు కుటుంబం ఉత్తరాన సముద్రానికి దగ్గరగా ఉన్న ష్టోల్ప్ అనే ఊరికి మారింది. (రెండవ ప్రపంచయుద్ధం తరువాత ఆ ఊరు పోలండ్‌లో కలిసింది.) పిల్లవాడికి ఏడేళ్ళ ప్రాయంలోనే తండ్రి పోయారు. తల్లి పిల్లలను వెంటబెట్టుకొని మళ్ళీ బెర్లిన్ వచ్చి, బీదల పేటలో కుట్టుపనితో కొంతకాలం నెట్టుకొచ్చారు. అది సాగక ష్టోల్ప్‌కే తిరిగి వెళ్ళి, అక్కడి గుర్రపు దళం ఆఫీసర్ల భోజనశాల నడిపే పనిలో కుదిరారు.

ఈ భోజనశాల సంగతి చిన్నదిగా కనిపిస్తుంది గానీ చిన్నది కాదు. దొరలను ముందు హాలులో నిలబడి చూసేవారు వేరు, వంటింటి తలుపు సందులోంచి చూసేవారు వేరు. మనలో క్యాంపు క్లర్కులుగా పనిచేసినవారికి, డఫేదార్లకు ఈ మాట విడమరచి చెప్పనక్కరలేదు. తరువాత గ్రోస్ గీసిన వందలాది సైనికాధికారుల బొమ్మలలో కనిపించే ఆ మెడ వెనుక కొవ్వు మడతలు, ఒంటికంటి అద్దం, బిగించిన కాలరు మీదికి పొంగిన గడ్డం, ఇవన్నీ చిన్ననాడు వంటింటి వైపు నుంచి చూసి మనసులో దాచుకున్నవేనని నా అభిప్రాయం.

1908లో బడిలో ఒక కొత్త ఉపాధ్యాయుడు చెంప మీద కొట్టాడు. పదిహేనేళ్ళ కుర్రవాడు ఊరుకోకుండా తిరిగి కొట్టాడు. బడి నుంచి తీసివేశారు. ఆ రోజుల జర్మనీలో బడి చదువు మధ్యలో ఆగిపోతే గుమాస్తా ఉద్యోగమైనా దొరకదు. అయితే కుర్రవాడి బొమ్మలు చూసిన డ్రాయింగు మాస్టరు ఒకరు చేయి పట్టుకోవటం వల్ల 1909లో డ్రెస్డెన్ చిత్రకళా విద్యాలయంలో సీటు దొరికింది. అక్కడ పాతకాలపు పద్ధతి, ప్లాస్టరు విగ్రహాలను ముందు పెట్టుకొని అచ్చు దించటం. రెండేళ్ళు ఆ పని చేసి విసుగెత్తిపోయారు. కానీ చేయి కుదిరింది. 1910లో ఒక బెర్లిన్ పత్రిక హాస్య అనుబంధానికి పంపిన బొమ్మ అచ్చయి డబ్బులొచ్చాయి. తరువాత బెర్లిన్‌లో మరికొంత చదువు, 1913లో కొన్ని నెలలు పారిస్‌లో సాధన.

1914లో యుద్ధం వచ్చింది. నవంబరులో సైన్యంలో చేరారు. దేశభక్తి ఉప్పొంగి చేరినవాడు కాదు. ఎలాగూ పిలుస్తారు గనుక ముందే పోతే దళాన్ని ఎంచుకోవచ్చునన్న లెక్క. జబ్బు చేసి శస్త్రచికిత్స జరగటంతో 1915 మేలో వదిలిపెట్టారు. 1917 జనవరిలో మళ్ళీ పిలిచారు. ఈసారి మనసే చెదిరిపోయింది. మానసిక వైద్యశాలలో ఉంచి, కొన్ని నెలలకు సైన్యానికి శాశ్వతంగా పనికిరాడని వ్రాసి పంపివేశారు.

ఈ రెండు పిలుపుల నడుమ 1916లో ఆయన ఒక వింత పని చేశారు. అప్పటివరకు ఆయన పేరు గేయోర్గ్. ఇంగ్లండును దేవుడే శిక్షించాలని జర్మనీ వీధుల్లో నినాదాలు మోగుతున్న కాలమది. ప్రజలు ఒకరినొకరు పలకరించుకునేటప్పుడు కూడా ఆ నినాదమే. ఆ సమయంలో ఈయన తన పేరును ఇంగ్లీషువారి పేరులాగా జార్జ్ అని మార్చుకున్నారు, ఇంటిపేరు స్పెల్లింగు కూడా మార్చారు. ఆయన మిత్రుడు హెల్ముట్ హెర్ట్స్‌ఫెల్డ్ కూడా జాన్ హార్ట్‌ఫీల్డ్ అయిపోయాడు. ఫోటోలను కత్తిరించి అతికించి రాజకీయ చిత్రాలు తయారుచేయడంలో తరువాత ప్రపంచ ప్రసిద్ధుడైన హార్ట్‌ఫీల్డ్ ఈయనే. ఇతని తమ్ముడు వీలాండ్ 1917లో మాలిక్ అనే ప్రచురణ సంస్థ పెట్టాడు. గ్రోస్ బొమ్మల సంపుటాలన్నీ దాదాపు అక్కడి నుంచే వచ్చాయి. కేసులు పడినప్పుడు బోనులో గ్రోస్ పక్కన నిలబడిందీ ఈ వీలాండే. ప్రచురణకర్త అంటే అలా ఉండాలి.

గ్రోస్ గీత ఎలాంటిదంటే, కత్తితో గీరినట్లు ఉంటుంది. నీడలు లేవు, మెత్తదనం లేదు. విద్యాలయంలో నేర్చిన అందమైన గీతను ఆయన కావాలనే వదిలేశారు. మరుగుదొడ్ల గోడల మీద ఎవరో గీసే బూతు బొమ్మలను, పిల్లలు గోడల మీద గీసే పిచ్చిగీతలను పనిగట్టుకొని గమనించి వాటి నుంచి నేర్చుకున్నారు. కోపాన్ని చెప్పటానికి అదే తగిన భాష అనుకున్నారు. మన కడపలో పనిచేసిన బ్రౌను దొర వేమన పద్యాలను సేకరించి 1829లో అచ్చు వేయించినా, పండితులు చాలాకాలం వాటిని మోటు కవిత్వమనే పక్కన పెట్టారు గదా. ఆ మోటుదనంలోనే పదును ఉందని తెలియటానికి కాలం పట్టింది. గ్రోస్ విషయమూ అంతే.

1918 నవంబరులో జర్మనీ ఓడిపోయింది, చక్రవర్తి పారిపోయాడు. బెర్లిన్ వీధుల్లో కాళ్ళు పోయినవారు, చూపు పోయినవారు సైనిక పతకాలు తగిలించుకొని అగ్గిపెట్టెలు అమ్ముకుంటున్నారు. అదే వీధిలో యుద్ధ కాంట్రాక్టుల్లో కోట్లు గడించినవారు హోటళ్ళలో విందులు చేసుకుంటున్నారు. 1919 జనవరిలో వామపక్ష నాయకులు రోజా లక్సెంబర్గ్, కార్ల్ లీబ్‌క్నెక్ట్‌లను సైనికులు పట్టుకొని చంపివేశారు. గ్రోస్ అప్పటికే కమ్యూనిస్టు పార్టీలో చేరారు. మిత్రులతో కలిసి వ్యంగ్య పత్రికలు పెట్టారు. ఒకటి మొదటి సంచికతోనే నిషేధానికి గురయింది. మరొకటి పేరే 'దివాలా'. ఒక పత్రిక ఆగితే ఇంకో పేరుతో మరొకటి.

1920లో మిత్రబృందం బెర్లిన్‌లో ఒక ప్రదర్శన పెట్టింది. పైకప్పు నుంచి సైనికాధికారి దుస్తులు తొడిగిన ఒక బొమ్మను వేలాడదీశారు, దానికి పంది తల. అది హార్ట్‌ఫీల్డ్, మరొక మిత్రుడు కలిసి చేసినది. గ్రోస్ వంతు తొమ్మిది చిత్రాల సంపుటి. జర్మన్ సైనికుల బెల్టు బిళ్ళ మీద దేవుడు తమతో ఉన్నాడని చెక్కి ఉండేది. ఆ మాటనే సంపుటికి పేరుగా పెట్టారు. అందులో ఒక బొమ్మ గూర్చి ప్రత్యేకంగా చెప్పాలి. సైనిక వైద్య పరీక్ష జరుగుతోంది. డాక్టరు ముందు నిలబడినది మనిషి కాదు, కుళ్ళిన మాంసం ముక్కలు ఇంకా అంటుకొని ఉన్న అస్థిపంజరం. డాక్టరు దాని పొట్ట దగ్గర గొట్టం ఆనించి విని, యుద్ధానికి పనికివస్తాడని నిర్ధారిస్తున్నాడు. గుమాస్తా వ్రాసుకుంటున్నాడు. పక్కన ఆఫీసర్లు తమ కబుర్లలో తాముండి అటు చూడటం కూడా లేదు.

మెడికల్ బోర్డు ముందు నిలబడి ఫిట్‌నెస్ సర్టిఫికెట్ తెచ్చుకున్న మనబోటివాళ్ళకు ఈ బొమ్మ చూస్తే మొదట నవ్వు వస్తుంది. తరువాత ఆ గుమాస్తా మీదికి దృష్టి పోతుంది. వాడు చెడ్డవాడేమీ కాదు. చెప్పింది వ్రాస్తున్నాడు, అంతే. 35 ఏళ్ళు చెప్పింది వ్రాసినవాణ్ణి గనుక ఆ మూల కూర్చున్నవాణ్ణి నేను చాలాసేపు చూశాను.

సైన్యాన్ని అవమానించారని కేసు పెట్టారు. 1921 ఏప్రిల్‌లో తీర్పు. గ్రోస్‌కు 300 మార్కులు, ప్రచురించిన వీలాండ్‌కు 600 మార్కులు జరిమానా. సంపుటి జప్తు. ఇక్కడ ఒక లెక్క చూడండి. ఆ నెలలో ఒక డాలరుకు 60 మార్కుల పైచిలుకు. అంటే గ్రోస్ మీద పడిన జరిమానా 5 డాలర్లకు మించదు. సైన్యం పరువుకు కోర్టువారు కట్టిన ధర అది.

ఆ మార్కు సంగతే ఇప్పుడు చెప్పాలి, మనకు బాగా అర్థమయ్యే సంగతి గనుక. యుద్ధానికి ముందు ఒక డాలరుకు 4.2 మార్కులు. 1923 నవంబరు నాటికి ఒక డాలరుకు 4 లక్షల 20 వేల కోట్ల మార్కులు. సున్నాలు లెక్కపెట్టే ఓపిక ఉన్నవారు వ్రాసి చూసుకోవచ్చు. యుద్ధం ఖర్చు పన్నులతో కాక అప్పులతో నడిపారు. ఓడిపోయాక గెలిచినవారికి నష్టపరిహారం కట్టాల్సి వచ్చింది. 1923లో రూర్ గనుల ప్రాంతాన్ని ఫ్రెంచివారు ఆక్రమిస్తే, పని మానేసిన కార్మికులకు జీతాలివ్వడానికి ప్రభుత్వం నోట్లు అచ్చు వేస్తూ పోయింది. జీతాలు మొదట వారానికి, తరువాత రోజుకు, కొన్నిచోట్ల రోజుకు రెండుసార్లు కూడా ఇచ్చేవారు. అందుకున్న డబ్బుతో పరుగెత్తి రొట్టె కొనకపోతే సాయంత్రానికి ధర మారిపోతుంది.

జీతగాడు ఎలాగో బతికాడు. నలిగిపోయింది ముసలివారు. జీవితమంతా కూడబెట్టిన బ్యాంకు డబ్బు, దేశభక్తితో కొన్న యుద్ధ బాండ్లు, భీమా పాలసీలు చిత్తు కాగితాలయ్యాయి. వడ్డీ మీద బతికే విశ్రాంత ఉద్యోగులు, వితంతువులు వెండి చెంచాలు, పెళ్ళినాటి దుప్పట్లు అమ్ముకున్నారు. డి.ఏ. రెండు వాయిదాలు ఆలస్యమైతేనే మనం మీటింగు పెట్టి తీర్మానం చేస్తాము. పుస్తకంలో ఉన్న 30 ఏళ్ళ పొదుపు ఒక కోడిగుడ్డుకు కూడా చాలని రోజు వస్తే ఏ ట్రెజరీ ముందు కూర్చోవాలి? అప్పులు చేసి ఆస్తులు కొన్నవారు మాత్రం చిల్లర పారేసి అప్పు తీర్చి కోటీశ్వరులయ్యారు. గ్రోస్ ఈ రెండు రకాలవారినీ ఒకే కాగితం మీద గీశారు. కిటికీ లోపల బల్ల నిండా తిండి, కిటికీ బయట ఎముకల గూడు. బొమ్మకు వివరణ అక్కరలేదు.

1923లోనే 'ఎక్కె హోమో' అనే పెద్ద సంపుటి వచ్చింది, 100 చిత్రాలు. క్రీస్తును శిలువకు పంపే ముందు, ఇడుగో ఆ మనిషి అని జనానికి చూపించిన మాట అది. గ్రోస్ ఆ పేరు పెట్టి బెర్లిన్ పెద్దమనుషులను పడకగదుల్లో, వేశ్యాగృహాల్లో, బట్టలు లేకుండా చూపించారు. కొన్ని బొమ్మలు మన ఇళ్ళలో పిల్లల ముందు తెరవదగినవి కావు, ఆ మాట దాచనక్కరలేదు. అశ్లీలం కింద రెండవ కేసు. 1924 ఫిబ్రవరిలో 500 మార్కులు జరిమానా, కొన్ని చిత్రాలు జప్తు. అప్పటికి కొత్త నాణెం వచ్చి మార్కు నిలదొక్కుకుంది గనుక ఈసారి జరిమానా నిజమైన డబ్బే, సుమారు 120 డాలర్లు.

ఈ లోపల ఒక మార్పు వచ్చింది. 1922లో గ్రోస్ కొన్ని నెలలు రష్యాలో తిరిగారు. కరువు చూశారు, అధికారుల తీరు చూశారు. తిరిగి వచ్చి 1923లో పార్టీ సభ్యత్వం వదిలేశారు. కమ్యూనిస్టు పత్రికలకు బొమ్మలు వేయటం మాత్రం మరికొన్నేళ్ళు మానలేదు. ఏ పక్షంవారైనా పెద్దకుర్చీలో కూర్చున్నవాణ్ణి చూస్తే ఆయనకు పడేది కాదు. ఇది గుణమో దోషమో చెప్పలేను. అటువంటివారు సంఘాల్లో ఇమడరు.

1923 నవంబరులో మ్యూనిక్‌లో ఒక మాజీ సైనికుడు ప్రభుత్వాన్ని కూలదోయబోయి విఫలుడయ్యాడు. అతనే హిట్లర్. ఆ నెలలోనే 'దివాలా' పత్రికలో గ్రోస్ అతన్ని ఎలుగుబంటి తోలు కప్పుకున్న పురాణ వీరుడుగా గీశారు. అప్పటికి ఎక్కువమందికి అతను ఒక కోమాళీ మాత్రమే. 1926లో గీసిన తైలవర్ణ చిత్రం 'సంఘ స్తంభాలు' ఇంకా స్పష్టంగా ఉంటుంది. ముందున్న పెద్దమనిషి ఒక చేతిలో బీరు గ్లాసు, మరో చేతిలో కత్తి, టై పిన్నుకు స్వస్తిక గుర్తు. తెరుచుకున్న బుర్రలోంచి ఒక గుర్రపు రౌతు దూకుతున్నాడు. పక్కన పత్రికలవాడి నెత్తిన బోర్లించిన ఉచ్చ కుండ. పార్లమెంటు సభ్యుని పుర్రెలో మెదడుకు బదులు పొగలు కక్కుతున్న పేడ. వెనుక ఎర్రముక్కు మతపెద్ద కళ్ళు మూసుకొని చేతులు చాచి దీవిస్తున్నాడు. ఆయన వెనుక ఇల్లు తగలబడుతోంది. హిట్లర్ అధికారానికి రావటానికి ఇంకా ఏడేళ్ళు ఉంది. ఇప్పుడు మన పిల్లలు చాలామంది చదువులకు, ఉద్యోగాలకు జర్మనీ పోతున్నారు. వారి దగ్గరకు వెళ్ళినవారు ఈ చిత్రాన్ని బెర్లిన్‌లోని కొత్త జాతీయ చిత్రశాలలో చూడవచ్చు.

ఇక మూడవ కేసు. 1928 జనవరిలో బెర్లిన్‌లో ఒక నాటకం ఆడారు. చెక్ రచయిత హషెక్ వ్రాసిన ష్వేక్ అనే అమాయక సిపాయి కథ. ఆజ్ఞలన్నీ తు.చ. తప్పకుండా పాటించి యుద్ధ యంత్రాంగాన్నే అభాసుపాలు చేస్తాడు ఆ సిపాయి. దర్శకుడు పిస్కాటర్. రంగస్థలం మీద వెనుక తెరపై పడటానికి గ్రోస్ వందలకొద్దీ బొమ్మలు గీశారు. వాటిలో 17 ఏరి చిన్న సంపుటిగా అమ్మారు. అందులో ఒకటి శిలువ మీద క్రీస్తు. ముఖానికి విషవాయువు తొడుగు, కాళ్ళకు సిపాయి బూట్లు. నోరుమూసుకొని కొలువు చేయమనే అర్థం వచ్చే మాట కింద వ్రాసి ఉంది. మరొక బొమ్మలో ప్రసంగ వేదిక మీది పాదిరి నోటిలోంచి గుండ్లు, తుపాకులు రాలుతున్నాయి. దైవదూషణ కేసు పెట్టారు.

1928 నవంబరులో నంద్యాల సభలో మన దత్త మండలాలకు రాయలసీమ అని పేరు పెట్టుకున్నారు గదా. సరిగ్గా దాని తరువాతి నెల, డిసెంబరు 10న బెర్లిన్ కోర్టు గ్రోస్‌కు, వీలాండ్‌కు చెరి 2000 మార్కులు జరిమానా వేసింది. ఈసారి 470 డాలర్లకు పైమాటే. అప్పీలు చేశారు. 1929 ఏప్రిల్‌లో జిల్లా న్యాయమూర్తి జీగర్ట్ కేసు కొట్టివేశారు. క్రీస్తు బోధకు యుద్ధం ఎంత విరుద్ధమో చూపటమే చిత్రకారుని ఉద్దేశమని, అవమానించింది క్రీస్తును కాదని, ఆయన పేరు చెప్పి యుద్ధాన్ని దీవించినవారినని ఆయన భావం. మన సర్వీసులో ఫైలును పూర్తిగా చదివి సంతకం పెట్టే అధికారి ఒకరైనా తారసపడి ఉంటారు. జీగర్ట్ ఆ కోవలోనివాడు. ఆ తీర్పు మీద మతవర్గాలు, మితవాద పత్రికలు మండిపడ్డాయి. ప్రభుత్వ న్యాయవాది పైకి పోయాడు. 1930 ఫిబ్రవరిలో అత్యున్నత న్యాయస్థానం ఆ తీర్పును రద్దుచేసి మళ్ళీ విచారించమన్నది. 1930 డిసెంబరులో మళ్ళీ విచారించి మళ్ళీ నిర్దోషి అన్నారు. మళ్ళీ పైకి పోయారు. 1931 నవంబరులో అత్యున్నత న్యాయస్థానం బొమ్మల అచ్చుపలకలను మాత్రం ధ్వంసం చేయాలని ఉత్తరువిచ్చింది.

నిర్దోషి గీసిన బొమ్మను నాశనం చేయమనటం! అయినా సర్వీసు మేటర్లలో ట్రిబ్యునల్ నుంచి హైకోర్టుకు, హైకోర్టు నుంచి ట్రిబ్యునల్‌కు తిరిగిన మనవాళ్ళకు మూడేళ్ళలో తేలిపోయిన కేసు త్వరగా తేలినట్లే లెక్క.

ఆ సంవత్సరాలలోనే మన తెలుగులో వ్యంగ్యచిత్రానికి ఆద్యుడుగా చెప్పుకునే తలిశెట్టి రామారావు గారు 'భారతి' పత్రికలో బొమ్మలు వేస్తున్నారు. చూసినవారు నవ్వుకొని పేజీ తిప్పేవారు. బెర్లిన్‌లో పరిస్థితి వేరు. నాజీల కరపత్రాలలో గ్రోస్ పేరు శత్రువుల జాబితాలో చేరింది, ఇంటికి బెదిరింపులు వస్తున్నాయి.

1932లో న్యూయార్కులోని ఒక చిత్రకళా సంస్థ ఆ వేసవికి పాఠాలు చెప్పమని పిలిచింది. వెళ్ళి కొన్ని నెలలు చెప్పి, అక్టోబరులో తిరిగి వచ్చి, సామాను సర్దుకొని 1933 జనవరి 12న భార్య ఈవాతో ఓడ ఎక్కారు. జనవరి 30న హిట్లర్ ప్రధానమంత్రి అయ్యాడు. 18 రోజులు తేడా. నాజీ దళాలు ఆయన కోసం ఇంటికీ చిత్రశాలకూ వచ్చాయి, మనిషి లేడు. హార్ట్‌ఫీల్డ్ ఇంటి మీదికి వస్తే ఆయన వసారా మీదనుంచి దూకి తప్పించుకొని సరిహద్దు దాటి ప్రాగ్ చేరారు. వీలాండ్ కూడా ప్రాగ్ చేరాడు. కవి ఎరిక్ మ్యూజామ్ దొరికిపోయి 1934లో నిర్బంధ శిబిరంలో హతుడయ్యాడు. 1937లో నాజీలు భ్రష్ట కళ అని పేరు పెట్టి మ్యూనిక్‌లో ఒక ప్రదర్శన జరిపారు, జనం చూసి ఎగతాళి చేయటానికి. అందులో గ్రోస్ చిత్రాలు ఉన్నాయి. దేశంలోని మ్యూజియంల నుంచి ఆయన చిత్రాలు 200కు పైగా ఊడబెరికారు. 1938లో ఆయన పౌరసత్వం తీసివేశారు. అదే ఏడు అమెరికా పౌరుడయ్యారు.

అమెరికాలో ఆయనను ఎవరూ కోర్టుకు లాగలేదు. ఎవరూ ఇంటి తలుపు కొట్టలేదు. ఉద్యోగం ఉంది, పిల్లలిద్దరూ చదువుకున్నారు. (చిన్నవాడు మార్టిన్ తరువాత జాజ్ గిటారు వాద్యగాడుగా పేరు తెచ్చుకున్నాడు.) ఆ దేశాన్ని ప్రేమించాలని ఆయన గట్టిగా నిశ్చయించుకొని వచ్చారు. చిన్నప్పటి నుంచి అమెరికా సాహస కథలు చదివి పెరిగిన మనిషి. అక్కడి హాస్య పత్రికలకు తగినట్లు బొమ్మలు వేయాలని చూశారు. కుదరలేదు. సముద్రతీరపు ఇసుక దిబ్బలు, చెట్లు, నగ్నస్త్రీల చిత్రాలు వేశారు. చక్కని చిత్రాలే. కానీ ఆ పాత గీత, ఆ కత్తి గీత కనబడదు. 1936లో 'మధ్యకాలం' అనే అర్థం వచ్చే పేరుతో నాజీ శిబిరాల చిత్రహింసల మీద బొమ్మల సంపుటి తెచ్చారు, మ్యూజామ్‌ను తలచుకొని గీసిన బొమ్మ అందులో ఉంది. పెద్దగా అమ్ముడుపోలేదు. జర్మనీలో ఏం జరుగుతున్నదో వినటానికి అప్పటికి అక్కడివారు సిద్ధంగా లేరు.

ఆయన చల్లబడిపోయాడని, డాలర్లకు అమ్ముడుపోయాడని పాత మిత్రులు కొందరు నిందించారు. నాకు ఆ మాట న్యాయమనిపించదు. ఆయన బొమ్మల్లోని ఆ లావు మెడలు, ఆ కాఫీ హోటళ్ళు, ఆ కుంటి సిపాయిలు బెర్లిన్ వీధిలోవి. రోజూ ఎదురుపడుతూ ఉంటే చేయి దానంతటదే లేచేది. మన సీమ రైతును కోస్తా కాలువ గట్టున కూర్చోబెట్టి కరువు పాట పాడమంటే ఏం పాడతాడు? 1975లో ఆంక్షల కాలంలో మన దేశంలో 'శంకర్స్ వీక్లీ' మూతపడింది. గ్రోస్ విషయంలో అడ్డుపెట్టినవారెవరూ లేరు, ఆయనే మానుకున్నారు. రెండింటిలో ఏది ఎక్కువ బాధాకరమో నేను తేల్చుకోలేకపోయాను.

1944లో ఒక పెద్ద చిత్రం వేశారు. నరకంలో కూర్చొని నుదుటి చెమట తుడుచుకుంటున్న హిట్లర్, కాళ్ళ దగ్గర పాకుతూ మీదికి వస్తున్న చిన్న చిన్న అస్థిపంజరాల గుట్ట. తమ్ముణ్ణి చంపిన కయీను పేరు దానికి పెట్టారు. ఇటీవలి సంవత్సరాలలో ఈ చిత్రాన్ని బెర్లిన్‌లోని జర్మన్ చరిత్ర మ్యూజియంవారు సంపాదించారు. 1945లో యుద్ధం చివరి దశలో బెర్లిన్ మీద జరిగిన బాంబు దాడిలో ఆయన తల్లి మరణించింది. ఆఫీసర్లకు వండిపెట్టి కొడుకును పెంచిన ఆ తల్లి, కొడుకు పౌరుడుగా చేరిన దేశమూ, దాని మిత్రదేశాలూ చేసిన యుద్ధంలో పోయింది. 1946లో ఆత్మకథ వచ్చింది. ఆ తరువాత రెండేళ్ళు ఆయన వింత చిత్రాలు కొన్ని వేశారు. బూడిదరంగు లోకం, పుల్లల్లాంటి మనుషులు. వాటిలో ఒకటి ఒక చిత్రకారునిది. అతనిలో పదార్థమే లేదు, ముందున్న గుడ్డకు ఒక చిల్లు, అతను ఆ చిల్లునే బొమ్మ వేస్తున్నాడు. తాగుడు ఎక్కువైంది.

గౌరవాలు మాత్రం ఆ తరువాతే వచ్చాయి. 1954లో అమెరికా కళా సాహిత్య సంస్థ సభ్యత్వం, 1958లో బెర్లిన్ కళా అకాడమీ సభ్యత్వం, 1959లో అమెరికావారి స్వర్ణపతకం. పాత బొమ్మలకు ధరలు పెరిగాయి. సూర్యగ్రహణం మీద 1926లో వేసిన చిత్రం ఒకటి, తలలు లేని మంత్రులు బల్ల చుట్టూ కూర్చొని ఉంటారు, సూర్యుణ్ణి డాలరు గుర్తు కప్పేసి ఉంటుంది. ఆ చిత్రం ఆయన చివరి సంవత్సరాలు గడిపిన హంటింగ్టన్ ఊరి మ్యూజియంలోనే ఇప్పుడు ఉంది.

జర్మనీకి తిరిగి పోదామన్నది ఈవా కోరిక. గ్రోస్ చాలాకాలం వాయిదా వేస్తూ వచ్చారు. మధ్యలో చూసి రావటానికి వెళ్ళారు గానీ ఉండిపోవటానికి మనసొప్పలేదు. చివరకు 1959 వేసవి మొదట్లో సామాను కట్టుకొని బెర్లిన్ చేరారు. 26 ఏళ్ళ తరువాత సొంత ఊరు, సొంత భాష, పాత మిత్రులలో మిగిలినవారు. నెల పైచిలుకు గడిచిందో లేదో, జూలై 5 రాత్రి స్నేహితులతో బాగా పొద్దుపోయేదాకా తాగి ఇంటికి వచ్చారు. తెల్లవారుజామున ఇంటి మెట్ల దగ్గర పడి ఉండగా చూశారు. జూలై 6న ప్రాణం పోయింది. 66 నిండటానికి 20 రోజులు తక్కువ. ఆయనను బెర్లిన్ పడమటి పక్కనున్న హీర్‌ష్ట్రాసె శ్మశానంలో ఖననం చేశారు. ఆ మరుసటి ఏడు ఈవా కూడా పోయారు.